సమస్య: తప్పు వ్రాసినవానికే దక్కుఁ గొలువు

నిర్వహణ: నోటిఫికేషన్ల కాలం కదా, ఉద్యోగార్థులకు సలహాలు ఇద్దాం. సమస్యా పాదం పైనే ఉంది, అదే చివరి పాదంగా తేటగీతి పూరించండి. "లంచమిచ్చి" అనే పూరణలు వద్దు, అవి పదిమందీ రాస్తారు.

బబుల్‌రాయుడు:
నాల్గిటను రెండు కాదని నమ్మఁగానె
మిగులు రెంటను నొక్కటి మెల్ల నింపి
ముప్పు మూఁడవ వంతని మొగ్గుఁ జూపి
తప్పు వ్రాసినవానికే దక్కుఁ గొలువు

ద్రుతప్రియ: నడక బాగుంది రాయుడుగారూ. ఈసారి యతి (పాదం మొదటి అక్షరానికి మధ్యలో రావలసిన జత అక్షరం) కూడా కుదిరింది, సంతోషం. కానీ మీ పద్యంలో అభ్యర్థి అన్నీ తప్పే రాశాడు. అలా అయితే కొలువు కాదు, మళ్ళీ కోచింగే దక్కుతుంది. "కొన్ని" అనే మాట ఎక్కడ?

బబుల్‌రాయుడు: లెక్క చూసుకోండి. సివిల్స్ ప్రిలిమ్స్‌లో తప్పుకు మూడో వంతు కోత. నాలుగు ఆప్షన్లలో గుడ్డిగా ఒకటి నింపితే సగటున వచ్చేది సున్నా. ఒకటి కొట్టేయగలిగితే ప్రశ్నకు 1/9 వంతు లాభం, రెండు కొట్టేస్తే 1/3. అలాంటి 12 ప్రశ్నల్లో సగటున ఆరు ఒప్పు, ఆరు తప్పు. ప్రశ్నకు ఒక మార్కు చొప్పున ఆరులో రెండు పోయి నాలుగు మిగులుతాయి. భయపడి వదిలేసినవాడికి సున్నా. తప్పు రాయడానికి సిద్ధపడ్డవాడే గెలిచాడు.

ద్రుతప్రియ: లెక్క ఒప్పే. అది వ్యాఖ్యానంలో ఉంది, పద్యంలో లేదు. పద్యం వెంట కాలిక్యులేటర్ పంపుతారా?

కాకరకాయ: రాయుడన్న పోయినసారి "బయోడేటా"ను "భయోడేటా" చేసినప్పుడూ ఇదే తంతు, శ్లేషకన్నా వివరణ పొడుగు. ఇంకోమాట: రెండిటిమధ్య ఊగిసలాడి రెండు గళ్ళూ నింపేవాళ్ళున్నారు. అందులో ఒకటి ఒప్పైనా అది తప్పు కిందే లెక్క. మీ "ఒక్కటి" అనే మాట పద్యంలో అన్నిటికన్నా పనికొచ్చే సలహా.

పాతపెన్ను:
అచ్చు కాగిత మందున హంసపాదు
పెట్టి మార్జిన్లో గుర్తు పెన్నుతోడ
చిన్న పొల్లును విడువక చిత్తగించి
తప్పు వ్రాసినవానికే దక్కుఁ గొలువు

నిర్వహణ: ప్రూఫ్‌రీడర్ ఉద్యోగమన్నమాట, భేష్! కానీ రెండో పాదం చూడండి. "మార్జిన్లో" మూడూ గురువులే (బరువుగా పలికే అక్షరాలు), ఇక్కడ గణం కుదరదు. "మార్జినులో" అనండి, భగణం (ఒక గురువు, రెండు లఘువులు), తగణం (రెండు గురువులు, ఒక లఘువు) చక్కగా కూర్చుంటాయి.

పాతపెన్ను: ఎవరైనా "మార్జినులో" అంటారా?

నిర్వహణ: ఎవరైనా ఇంటర్వ్యూలో "చిత్తగించి" అంటారా? మార్చండి.

బబుల్‌రాయుడు: తప్పులు దిద్దే పద్యంలోనే తప్పు! హంసపాదు జారిపోయిన అక్షరాన్ని చొప్పించడానికి. ఎక్కువైనదాన్ని తీసేయడానికి గుర్తు వేరే. ఈ అభ్యర్థి సగం తప్పులే పట్టాడు.

ద్రుతప్రియ:
సూర్యుఁ డుదయించుఁ బడమరఁ జూడు మనుచు
నొప్పొ తప్పొ యని యడుగ నొక్క ప్రశ్న
కలము వణకక నేర్పుగాఁ గళ్ళు తెఱచి
తప్పు వ్రాసినవానికే దక్కుఁ గొలువు

నిర్వహణ: ఆహా! జవాబే "తప్పు". "వానికే"లోని ఏకారానికి న్యాయం చేసిన పూరణ ఇంతవరకూ ఇదొక్కటే.

బబుల్‌రాయుడు: చమత్కారం సరే. ఒక్క ఒప్పు-తప్పు ప్రశ్నకు కొలువిచ్చే బోర్డు ఏదో చెబితే మేమూ అప్లై చేస్తాం.

కాకరకాయ: పరీక్షదాకా పోనిస్తే కదా! బ్యాంకు దరఖాస్తులు ముందే తిరిగొస్తున్నాయి.
పెండ్లి ఫోటోనుఁ గత్తిరి వేసి పెట్టి
సంతకము పెద్దయక్షరాల్ చాలఁ గూర్చి
యివియె వలదని పెద్దగా నింటి యెదుట
తప్పు వ్రాసినవానికే దక్కుఁ గొలువు

బ్యాంకు ఉద్యోగాల పరీక్షలు పెట్టే ఐబీపీఎస్‌లో ఫోటోకు 20 నుంచి 50 కేబీ, సంతకానికి 10 నుంచి 20 కేబీ. సంతకం అన్నీ క్యాపిటల్ అక్షరాల్లో ఉంటే ఒప్పుకోరు. పెళ్ళి ఫోటో కత్తిరిస్తే పక్కవారి భుజం మిగిలిపోతుంది. ఇవన్నీ గోడమీద రాసుకున్నవాడే తప్పించుకుంటాడు.

పాతపెన్ను: భుజం బాగుంది. పద్యంలోకి రాలేదేం?

ద్రుతప్రియ: కాకరగారూ, "ఎదుటన్" ద్రుతాంతం, అంటే చివర నకారం ఉన్న మాట. దాని తర్వాత తకారం దకారమై "దప్పు" కావాలి, ఇచ్చిన పాదం తకారంతో మొదలైంది. "ఇవియె వలదని ముందుగా నేఱి పెట్టి" అనండి, గొడవ ఉండదు.

కాకరకాయ: గోడ పోయింది!

ద్రుతప్రియ: నోట్‌బుక్‌లో రాసుకోనివ్వండి.

బబుల్‌రాయుడు: పోయిన నెల తన పూరణలో "వచ్చెన్ కొలువు" అని సరళం (కకారానికి బదులు గకారం) లేకుండా వదిలేసినవారు ఇప్పుడు ద్రుతం పాఠం చెబుతున్నారు. బాగుంది.

ద్రుతప్రియ: అది టైపు పొరపాటని అప్పుడే సరిచేశాను, పాత చర్చ చూడండి. మీ "భయోడేటా" మాత్రం ఇంకా అలాగే ఉంది.

నిర్వహణ: ఇద్దరూ ఆగండి. పాతపెన్నుగారూ, "మార్జినులో" మార్చారా లేదా?