కోర్టు తెమ్మన్నా అన్నయ్య కాగితాలు తేవడం లేదు, కేసు నా వైపు తేలుతుందా?

పలాస ఆడపడుచు:
నమస్కారం అండి. మాది పలాస దగ్గర పల్లె, పెళ్లయ్యాక విజయనగరంలో ఉంటున్నాను. నాన్నగారు పోయాక జీడితోటలో నా వాటా అడిగితే అన్నయ్య ఇవ్వనన్నాడు, పార్టిషన్ సూట్ (ఆస్తి పంపకం దావా) వేశాను. నాన్న తోటంతా తనకే వీలునామా రాశారని రిటన్ స్టేట్‌మెంట్‌లో (దావాకి రాతపూర్వక జవాబులో) చెప్పాడు గానీ ఆ వీలునామా ఇంతవరకు కోర్టులో పెట్టలేదు. ఇంకొకటి నాన్న పద్దు పుస్తకం. ఎర్ర గుడ్డ అట్ట, ఏ ఏడు ఎన్ని బస్తాల పిక్కలు దిగాయి, కాశీబుగ్గ షావుకారు ఎంత కట్టాడు అన్నీ నాన్న చేతిరాతలో ఉంటాయి. అది తెమ్మని కోర్టు ఆర్డరిచ్చింది. వాయిదాకి వస్తాడు, వెతుకుతున్నాం అంటాడు, మళ్లీ వాయిదా. తేకపోతే కేసు నాదే అయిపోతుందని మా వాళ్లంటున్నారు. నిజమేనా?

టెక్కలి వకీలు:
అంత సులువుగా అయిపోదమ్మా. ఈ రెండు కాగితాల సంగతీ ఒకటి కాదు, విడివిడిగా చూడాలి.

వీలునామా మీద ఆధారపడేది మీ అన్నయ్య, కాబట్టి దాన్ని రుజువు చేసే భారం ఆయనదే. రిటన్ స్టేట్‌మెంట్‌తో పాటే దాన్ని దాఖలు చేయాలి. అప్పుడు పెట్టకపోతే సీపీసీ (సివిల్ కేసుల విధాన చట్టం) ఆర్డర్ 8 రూల్ 1ఎ ప్రకారం తర్వాత కోర్టు అనుమతి లేకుండా సాక్ష్యంలోకి తీసుకోరు. పెట్టినా, సాక్షి సంతకం చేసినవాళ్లలో బతికున్న ఒక్కరినైనా బోనెక్కించాలి. కాగితమే రాకపోతే వీలునామా లేనట్టే, మీ వాటా మీకుంటుంది.

పద్దు పుస్తకం దగ్గరే జాగ్రత్త. కోర్టు ఆర్డర్ పాటించకపోతే సీపీసీ ఆర్డర్ 11 రూల్ 21 కింద ప్రతివాది డిఫెన్స్ (అతని వాదన) కొట్టేయవచ్చు, వాది ఆ తప్పు చేస్తే దావానే కొట్టేస్తారు. కానీ ఆ రూల్‌లో ఉన్న మాటలు డిస్కవరీ (ఉన్న దస్తావేజులేవో చెప్పించడం), ఇన్‌స్పెక్షన్ (వాటిని చూడనివ్వడం) గురించి. మీకొచ్చింది రూల్ 14 కింద ప్రొడక్షన్ ఆర్డర్ (కాగితం కోర్టుకి తెమ్మనడం) మాత్రమే అయితే అవతలి వకీలు అక్కడే పట్టుకుంటారు. రూల్ 12 కింద, తన దగ్గరున్న దస్తావేజులన్నీ ప్రమాణం మీద చెప్పమని కూడా పిటిషన్ వేయించండి. ఇంకో మాట, కావాలని మొండికేశాడని తేలితేనే డిఫెన్స్ కొట్టేయాలని సుప్రీంకోర్టు 1978లో బబ్బర్ సూయింగ్ మెషిన్ కేసులో చెప్పింది. అందుకే జడ్జిగారు ముందు గడువులిస్తారు, అది మీ అన్నయ్య వైపు పక్షపాతం అనుకోకండి.

బొబ్బిలి రైతుబిడ్డ:
అక్కా, వకీలు గారు చెప్పినవి చేస్తూనే సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో వెతికించండి. వీలునామా రిజిస్టరైతే, రాసినాయన పోయాక నకలు ఎవరడిగినా ఇస్తారు. మా ఇంటి తగాదాలో అవతలివాళ్లు ఒరిజినల్ దాచారు, రిజిస్ట్రారు నకలుతోనే పని నడిచింది. తోట రెవెన్యూ రికార్డులు అడంగల్, 1బి కూడా తీసిపెట్టుకోండి, అవి దాచడం ఎవరి తరమూ కాదు.

పలాస ఆడపడుచు:
చాలా థాంక్స్ అండి. రేపు పుస్తకం పోయిందని అఫిడవిట్ వేస్తే?

టెక్కలి వకీలు:
వేస్తాడనే అనుకోండి. అందుకే ఆ పుస్తకం ఉందని, ఆయన చేతిలోనే ఉందని ముందు మీరు చూపించాలి. ఆయన వాడుతుండగా చూసిన చుట్టాలెవరైనా ఉంటే సాక్ష్యం చెప్పించండి, ఏ పేజీకైనా ఫోన్‌లో ఫోటో ఉంటే మరీ మంచిది. అంత చూపాక కూడా తేకపోతే, తెస్తే తనకే నష్టం కాబట్టి దాచాడని కోర్టు అనుకోవచ్చు. పాత సాక్ష్య చట్టంలో ఇది సెక్షన్ 114 ఉదాహరణ జి, 2024 జూలై 1 నుంచి వచ్చిన కొత్త చట్టంలో సెక్షన్ 119. రుజువు భారం తన మీద లేకపోయినా మంచి ఆధారం చేతిలో ఉంచుకుని దాచినవాడికి ఇది వర్తిస్తుందని 1968లోనే గోపాల్ కృష్ణాజీ కేట్కర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే ‘అనుకోవచ్చు’ అన్నదే చట్టం, అనుకుని తీరాలని కాదు.

పుస్తకం తెమ్మని మీ అన్నయ్యకి నోటీసు ఇప్పించారా? ఇప్పిస్తే ఫోటో, నకలు లాంటివి పెట్టుకునే వీలుంటుంది. నోటీసిచ్చినా తేనివాడు తర్వాత తనకు పనికొచ్చే పేజీ చూపిద్దామన్నా, మీ ఒప్పుదలో కోర్టు ఉత్తర్వో లేకుండా కుదరదు. ఇక షావుకారు దగ్గర కూడా లెక్క ఉంటుంది కదా. ఆర్డర్ 16 కింద ఆయనకి సమన్లు పంపించండి. బయటివాళ్లు సమన్లు అందుకుని రాకపోతే కోర్టు వారంటు దాకా వెళ్లగలదు, ఐదు వేల దాకా జరిమానా వేయగలదు. షావుకారు మీ అన్నయ్య కోసం అంత దూరం తెచ్చుకుంటాడని నేననుకోను. వచ్చే వాయిదాకి ముందే ఆ పిటిషన్ వేయించండి.