షియోంగ్నుల కొమ్ము విల్లు చెన్నై ఉక్కకు ఆగుతుందా?

చెన్నై చదువరి:
షియోంగ్నులంటే చైనాకు ఉత్తరాన గడ్డిమైదానాల్లో తిరిగిన సంచారులు. వాళ్ల రాజు మోదూ (క్రీ.పూ. 209లో గద్దెనెక్కినవాడు) కాలపు రౌతు బొమ్మ నిలువెత్తున చేయిస్తున్నాం. విల్లు మాత్రం అసలు పద్ధతిలోనే కావాలి. గేదె కొమ్ము, మేక కాలి నరాలు (స్నాయువులు), వజ్జిరం (తోలు జిగురు) తెచ్చాం. కొమ్ము బయటివైపు అంటించాం, రెండో రోజుకే ఊడొచ్చింది. ఎందుకంటారు? రికాబులు (రౌతు పాదాలు ఆనించేవి) ఇత్తడివి పెట్టాలా, ఇనుపవా?

కొమ్ముపని:
తిరగేశారండీ. కొమ్ము విలుకాడి వైపు, నరాలు బయటివైపు, మధ్యలో కొయ్య. విల్లు వంచితే లోపలివైపు నలుగుతుంది, బయటివైపు సాగుతుంది. కొమ్ము నొక్కుడుకు బాగా ఆగుతుంది. సాగుడుకు ఆగేది నరం.

ఊడటానికి ఎక్కువగా కారణం జిడ్డు. కొమ్మునూ కొయ్యనూ నిలువునా గాట్లు పెట్టి, సబ్బునీళ్లతో కడిగి, చెయ్యి తగలకుండా ఆరబెట్టండి. వజ్జిరాన్ని రాత్రంతా నానబెట్టి, వేడినీళ్ల గిన్నెలో ఇంకో గిన్నె పెట్టి కరిగించాలి. మరిగిందా, పట్టు పోయినట్టే. మేక నరం పొట్టిది, ఎద్దు వెనక్కాలిది తీసుకోండి. ఎండాక సుత్తితో నలగ్గొట్టి, పోగులుగా చీల్చి, జిగురులో ముంచి పరవాలి. ఒక పొర పూర్తిగా ఆరాకే రెండోది. తొందరపడితే లోపల తడి మిగిలి విల్లు మెలి తిరుగుతుంది.

బసవనగుడి:
రికాబులే వద్దు. షియోంగ్నుల నాటికి అవి లేవు. చైనాలో రికాబు ఆనవాళ్లు క్రీ.శ. 4వ శతాబ్దం నుంచే.

ఇక ఉక్క సంగతి. ఇది మీ ఒక్కరి బాధ కాదు. క్రీ.పూ. 169 ప్రాంతంలో చైనాను ఏలిన హాన్ వంశపు అధికారి చావో త్సువో తన విన్నపంలో ‘జిగురు విరిగే’ వేళ అన్నాడు. అంటే శరత్తు. గాలి పొడిబారి జిగురు పెళుసెక్కితే విల్లు బిగుస్తుంది, షియోంగ్నులు బయల్దేరేది అప్పుడే అని పాత వ్యాఖ్యాతలు రాశారు. సరిహద్దు కావలివాళ్లకు అదే పంచాంగం! మీరు అతికించే పని బెంగళూరులో జనవరి, మార్చి మధ్య చేయించుకోండి. చెన్నైలో అక్టోబరు వానల్లో మాత్రం ముట్టుకోవద్దు.

జీనుపోశ:
జిగురొక్కటే కాదు లెండి. వేసవంతా మేసిన గుర్రాలు బలిసేదీ శరత్తుకే. చలి ముదిరితే ఎలా ఉంటుందో క్రీ.పూ. 200లో బైదెంగ్ దగ్గర తేలింది. హాన్ చక్రవర్తి లియూ బాంగ్ ఏడు రోజులు షియోంగ్నుల ముట్టడిలో చిక్కాడు. అంతకుముందే అతని సైనికుల్లో పదికి ఇద్దరు ముగ్గురు చలికి వేళ్లు పోగొట్టుకున్నారు.

చెన్నై చదువరి:
రికాబులు తీసేస్తున్నాం. మరి విల్లుకు అంటించే ఎముక పలకలు ఎన్ని?

కొమ్ముపని:
సాధారణంగా ఏడు. రెండు కొనలకూ రెండేసి, పిడికిలి దగ్గర మూడు. సమాధుల్లో కొయ్యా నరమూ కుళ్లిపోయి, తరచు మిగిలేవి ఇవే. ఎముకను ఎక్కువసేపు ఉడికించకండి, పెళుసవుతుంది. సబ్బునీళ్లలో నాననివ్వండి, జిడ్డు తేలినప్పుడల్లా నీళ్లు మార్చండి.