'గర్ల్స్' అన్న మాటకు తెలుగు: బాలికలా, అమ్మాయిలా, మహిళలా?

ప్రశ్న:

సభ్యులకు నమస్కారం. అమెరికాలో ఆడవాళ్లు బేస్‌బాల్ ఆడిన చరిత్ర మీద ఒక మాసపత్రిక కోసం వ్యాసం అనువదిస్తున్నాను. 1943 నుంచి 1954 వరకు నడిచిన 'ఆల్ అమెరికన్ గర్ల్స్ ప్రొఫెషనల్ బేస్‌బాల్ లీగ్' పేరును నేను 'అఖిల అమెరికా బాలికల వృత్తి బేస్‌బాల్ లీగ్' అని రాస్తే, పత్రికవారు 'బాలికల' కొట్టివేసి 'మహిళల' అని దిద్ది పంపారు. నాకు రెండూ అతికినట్టు లేవు. పెద్దలు తేల్చి చెప్పగలరు.

జవాబు:

అమ్మా, మీకు అతికినట్టు అనిపించకపోవడంలో న్యాయం ఉంది. 'బాలిక'కు నిఘంటువులు ఏ అర్థం చెప్పినా, వాడుకలో దాని సరిహద్దును మన ప్రభుత్వ బోర్డులే గీసిపెట్టాయి. ఇంటర్మీడియట్ దాకా చదివేది 'ప్రభుత్వ బాలికల జూనియర్ కళాశాల'లో. ఆ పైన చేరేది 'ప్రభుత్వ మహిళా డిగ్రీ కళాశాల'లో. వేసవి సెలవులు ముగిసేసరికి బాలిక మహిళ అయిపోతుందన్నమాట. ఆ లెక్కన చూస్తే మీ లీగ్‌లో బాలికలు తక్కువ. డాటీ ష్రోడర్ పదిహేనేళ్లకే చేరి పన్నెండు సీజన్లూ ఆడిన మాట నిజమే గాని, ఆమె తోటివారిలో చాలామంది పద్దెనిమిది దాటినవారు, వారానికి 45 నుంచి 85 డాలర్ల దాకా జీతం పుచ్చుకున్నవారు. 'బాలికల లీగ్' అని చదివిన తెలుగు పాఠకుడికి కళ్లముందు మెదిలేది పాఠశాలల క్రీడోత్సవమే.

అలాగని 'మహిళల' అన్న దిద్దుబాటునూ నేను ఒప్పుకోలేను. చూయింగ్ గమ్ వ్యాపారి, షికాగో కబ్స్ జట్టు యజమాని అయిన ఫిలిప్ రిగ్లీ, రెండవ ప్రపంచ యుద్ధానికి మగ ఆటగాళ్లు తరలిపోతే మైదానాలు బోసిపోతాయన్న భయంతో నాలుగు జట్లతో ఈ లీగ్‌ను మొదలుపెట్టినప్పుడు దాని పేరులో ఉన్నది సాఫ్ట్‌బాల్, అంటే ఇంకా పెద్ద బంతితో ఆడే బేస్‌బాల్ లాంటి ఆట. మొదటి ఏడాది బంతి చుట్టుకొలత 12 అంగుళాలు, విసరడం భుజం కింది నుంచి. 1948 నాటికి చెయ్యి భుజం మీదికి వచ్చింది. 1954 నాటికి బంతి తొమ్మిదింపావు అంగుళాలకు తగ్గింది. ఈలోగా లీగ్ పేరు కూడా పలుమార్లు మారింది. సాఫ్ట్‌బాల్ పోయి బేస్‌బాల్ వచ్చింది, 'ఆల్' అన్నది చివర్లో రాలిపోయింది. ఎన్నిసార్లు మార్చినా 'గర్ల్స్' మాత్రం కదలలేదు. పేరు పెట్టినవారు ఏ మాటను విడువకుండా పట్టుకున్నారో, ఆ మాటను అనువాదకుడు మర్యాద కోసం మార్చడం తగదని నా అభిప్రాయం.

ఆ పట్టుదలకు కారణం లీగ్ నియమావళిలోనే కనిపిస్తుంది. జుట్టు పొట్టిగా కత్తిరించుకోకూడదు, పెదవులకు రంగు ఉండి తీరాలి, ప్రతి జట్టు వెంట కాపలాగా ఒక పెద్దావిడ తిరగాలి, మొదటి ఏడాది పగలంతా సాధన చేసి సాయంత్రాలు అలంకరణ పాఠాలు నేర్చుకోవాలి. ఆడవలసింది పొట్టి స్కర్టుతో. పరుగెత్తుకుంటూ వచ్చి బేస్ (పరుగు తీసేవారు చేరుకోవలసిన గుర్తు) అందుకోవడానికి నేల మీద జారితే, అడ్డు లేని తొడ చర్మం మట్టికీ గులకరాళ్లకీ లేచిపోయి ఎర్రగా కమిలేది. ఆ గాయాన్ని ఆటగాళ్లు 'స్ట్రాబెర్రీ' అనేవారు. జట్ల పేర్లేమో పీచెస్, డైసీస్, చిక్స్: పండు, పువ్వు, కోడిపిల్ల. ఇంత ఏర్పాటూ 'వీళ్లు ఆటగాళ్లే గాని, అంతకుముందు చక్కని ఆడపిల్లలు' అని ప్రేక్షకుడికి నచ్చచెప్పడానికి చేసినది. 'మహిళల లీగ్' అని రాస్తే ఆ కాలం వారికి ఇవ్వని గౌరవాన్ని మనం వెనక్కి వెళ్లి అతికించినట్టవుతుంది. కూపర్స్‌టౌన్‌లోని హాల్ ఆఫ్ ఫేమ్ అనే బేస్‌బాల్ ప్రదర్శనశాల 1988లో వీరిని స్మరిస్తూ ప్రదర్శన పెట్టినప్పుడు దాని పేరులో ఉన్నది 'ఉమెన్'. అక్కడ మీరు నిస్సంకోచంగా 'మహిళలు' అని రాయండి. ఒకే మనుషులు 1943లో అమ్మాయిలు, 1988లో మహిళలు. ఈ తేడా మీ అనువాదంలో నిలబడాలి.

కనుక నా ఓటు 'అమ్మాయిల' అన్న మాటకు. ముద్దు, చనువు, కాస్తంత చిన్నచూపు, మూడూ ఇందులో ఒదుగుతాయి. ఇంగ్లీషు మాటలోనూ ఆ మూడూ ఉన్నాయి. 2025 నవంబరులో మన మహిళల క్రికెట్ జట్టు ప్రపంచకప్ గెలిచినప్పుడు, కడప జిల్లా శ్రీచరణితో పాటు ముప్పైఆరేళ్ల కెప్టెన్ హర్మన్‌ప్రీత్‌ను కూడా మనం 'మన అమ్మాయిలు' అనే చెప్పుకున్నాం. అదే వయసు మగ కెప్టెన్‌ను 'అబ్బాయి' అనడానికి మనకు నోరు రాదు.

మీ వ్యాసంలో తప్పక ఎదురయ్యే ఇంకొన్ని చోట్లు చెబుతాను. 1866లో వాసర్ కళాశాలలో జట్లు కట్టినవారిని 'విద్యార్థినులు' అంటే సరిపోతుంది. 1931 ఏప్రిల్ 2న చట్టనూగాలో జాకీ మిచెల్ అనే అమ్మాయి తన బంతులతో ఆనాటి మేటి బ్యాటర్లు బేబ్ రూత్‌నూ లూ గెరిగ్‌నూ వరుసగా స్ట్రైకౌట్ (బంతి కొట్టనివ్వకుండా అవుట్) చేసినప్పుడు ఆమెకు పదిహేడేళ్లు. వయసును బట్టి 'బాలిక' అనవచ్చు గాని, 'బేబ్ రూత్‌ను అవుట్ చేసిన బాలిక' అంటే ఏదో బాలల కథ శీర్షికలా ఉంటుంది. అక్కడ పేరు రాసి ఊరుకోవడం మేలు.

చిక్కల్లా 'బ్లూమర్ గర్ల్స్' దగ్గర వస్తుంది. 1890ల నుంచి 1930ల దాకా ఊరూరా తిరిగి స్థానిక మగ జట్లతో ఆడిన బృందాలివి. అమీలియా బ్లూమర్ అనే పత్రికా సంపాదకురాలు 1851లో ప్రచారంలోకి తెచ్చిన వదులు పైజామా లాంటి దుస్తులనుంచి ఆ పేరు వచ్చింది. మన దగ్గర బ్లూమర్ అంటే వేరు. చిన్నప్పుడు మా చెల్లెలికి గౌను కుట్టమని గుడ్డ ఇస్తే, మా వీధి దర్జీ దాన్ని మూర వేసి చూసి 'ఇందులోనే బ్లూమర్ కూడా వస్తుందమ్మా' అనేవాడు. 'బ్లూమర్ అమ్మాయిలు' అని ఊరికే రాస్తే పాఠకుడు ఆ లోదుస్తు దగ్గరే ఆగిపోతాడు. ఒక వాక్యం వివరణ తప్పదు. పైగా ఆ 'గర్ల్స్'లో మగవారూ ఉండేవారు. తరువాత బోస్టన్ రెడ్ సాక్స్‌కు పేరుమోసిన పిచర్ (బంతి విసిరేవాడు) అయిన స్మోకీ జో వుడ్, 1906లో కాన్సస్‌లో ఆట మొదలుపెట్టింది ఒక బ్లూమర్ గర్ల్స్ జట్టులోనే. అక్కడ ఆ మాట టికెట్లు అమ్మే మాట. దానిని తెలుగు చేయకండి, 'బ్లూమర్ గర్ల్స్' అనే ఉంచండి.

'బాలిక' సరిగ్గా కుదిరే ఘట్టం పిల్లల బేస్‌బాల్ సంస్థ అయిన లిటిల్ లీగ్‌ది. 1950లో న్యూయార్క్ రాష్ట్రంలోని కార్నింగ్‌లో కే జాన్‌స్టన్ అనే పిల్ల జడలు కత్తిరించుకుని, 'టబ్బీ' అన్న మగపేరుతో జట్టులో చేరింది. మరుసటి ఏడాదే బాలికలకు ప్రవేశం లేదని లిటిల్ లీగ్ నియమం పెట్టింది. 1972లో న్యూజెర్సీ రాష్ట్రంలోని హోబోకెన్‌లో మరియా పెపె మూడు ఆటలు ఆడాక ఆమెను తప్పించారు. న్యూజెర్సీలో తీర్పు బాలికలకు అనుకూలంగా వచ్చేసరికి ఆమెకు లిటిల్ లీగ్ వయసు దాటిపోయింది. 1974 చివర్లో లిటిల్ లీగ్‌కు అమెరికా కేంద్ర చట్టం ఇచ్చిన చార్టర్‌ను సవరించి 'బాలురు' అన్న చోటల్లా 'యువజనులు' అని మార్చారు. ఆట నేర్పవలసిన గుణాల జాబితా నుంచి 'మగతనం' అన్న మాట తీసివేశారు. మన గుంపువారికి ఇంతకంటే రుచించే చట్టసవరణ దొరకదు.

మలి ప్రశ్న:

ధన్యవాదాలండీ. 'అమ్మాయిల' అనే పంపుతాను. మరి 'ఆడపిల్లల' అంటే ఇంకా ఇంపుగా ఉండదా? అలాగే మగవారి జట్టులో ఆడిన నల్లజాతి క్రీడాకారిణి టోనీ స్టోన్‌కు చిన్నప్పుడు 'టామ్‌బాయ్' అని పేరు. దానికి తెలుగు ఉందా?

జవాబు:

'ఆడపిల్ల' వయసు చెప్పే మాట కంటే వరస చెప్పే మాట. అరవై ఏళ్లు వచ్చినా పుట్టింటికి ఆమె ఆడపిల్లే; లీగ్‌కు ఆ వరస కుదరదు.

'టామ్‌బాయ్'కి మాత్రం మనకు నిక్షేపంలాంటి 'మగరాయుడు' ఉంది. టోనీ స్టోన్ 1953లో ఇండియానాపొలిస్ క్లౌన్స్ తరఫున నల్లజాతి ఆటగాళ్ల నీగ్రో అమెరికన్ లీగ్‌లో మగవారితో కలిసి రెండవ బేస్ దగ్గర ఆడినప్పుడు ముప్పై దాటింది. నల్లజాతివారికి చోటివ్వని ఆ అమ్మాయిల లీగ్ ఆమెను తీసుకోలేదు. స్కర్టు వేసుకోమని క్లౌన్స్ యజమాని అడిగితే ఆమె ఒప్పుకోలేదు. ఆ సందర్భంలో 'మగరాయుడు' చక్కగా అమరుతుంది. వ్యాకరణం ఒక్కటి గమనించుకోండి: నామవాచకం పుంలింగమైనా వాడుకలో క్రియ స్త్రీనే అనుసరిస్తుంది. 'మా మగరాయుడు ఇంకా మైదానం నుంచి రాలేదు' అన్నప్పుడు తేడా తెలియదు గాని, 'వచ్చింది' అనే అంటాం, 'వచ్చాడు' అనం. పత్రికవారు దిద్దబోతే ఈ మాట చెప్పండి.