వెర్డన్ నేలలో వందేండ్ల విషం, మన నల్లగొండ ఫ్లోరైడ్: రెండూ ఒకటేనా?

మర్రిగూడ_సోషల్:
మొదటి ప్రపంచ యుద్ధం పాఠం దగ్గర ఒక సందేహం. ఫ్రాన్స్‌లో వెర్డన్ చుట్టుపక్కల 'ఎర్ర మండలం' (రెడ్ జోన్) అనే కొంత భూమిలోకి ఇప్పటికీ మనుషులను రానియ్యరట. పేలని షెల్స్ (ఫిరంగి గుండ్లు) ఏరేస్తే సరిపోదా? ఇంకోటి, అక్కడ కొన్ని ఊర్ల తాగునీళ్లలో కూడా తేడా ఉందంటున్నరు. మర్రిగూడ, నాంపల్లి బోర్లల్ల ఫ్లోరైడ్ లెక్క అది నేలలోనే ఉన్నదా, మందుగుండు నుంచి దిగిందా? పటికతో చేసే మన 'నల్లగొండ పద్ధతి' అక్కడ పనికొస్తదా? పాఠ్యపుస్తకం 1919 వెర్సైల్స్ సంధి దగ్గర ఆగిపోతది, పిల్లల ప్రశ్నలు ఆగవు.

జడ్చర్ల_పటాలు:
సార్, ముందు 'ఎర్ర మండలం' అనే మాట సంగతి. చాలామంది అది విషపు నేలకు పేరు అనుకుంటరు. కాదు, అది రెవెన్యూ లెక్క. కాల్పులు ఆగినంక పాడైన జిల్లాలను పటం మీద రంగులేసి విడగొట్టారు. బాగుచేసే ఖర్చు భూమి విలువను మించితే ఎరుపు. 1919 ఏప్రిల్ 17 నాటి యుద్ధ నష్టాల చట్టంతో అట్లాంటి భూమిని సర్కారే కొనుక్కునే వీలు వచ్చింది. శ్రీశైలం ముంపు కింద మన దగ్గర భూములు తీసుకున్నట్టే అనుకోండి, కాకపోతే అక్కడ ముంచింది నీళ్లు కాదు, ఇనుము.

మొదట్లో ఎర్ర మండలం సుమారు 1,200 చదరపు కిలోమీటర్లు. రైతులు ఊకోలేదు. ఒత్తిడి చేసి పదేండ్లలోపే సగానికి పైగా సాగులోకి తెచ్చుకున్నరు. మిగిలిన దాంట్లో వెర్డన్ దగ్గర అడవి పెంచారు. దానికి కారణం చాలా సాదాసీదాది: చెట్టుకు నాగలి అక్కర్లేదు. 1916 ఫిబ్రవరి 21 నుంచి డిసెంబర్ 18 దాకా సాగిన పోరులో అక్కడ తొమ్మిది ఊర్లు నేలమట్టమైతే, ఆరింటిలో ఇప్పటికీ ఒక్క మనిషి లేడు. అయినా రికార్డుల్లో ఊరు బతికే ఉంది. ఓటర్లు లేరు కాబట్టి, సర్పంచ్ లాంటి మనిషిని కలెక్టర్ హోదా ఉన్న అధికారి నామినేట్ చేస్తడు.

ఏరిందెవరో కూడా పిల్లలకు చెప్పండి. ఫ్రెంచివాళ్లు, బ్రిటిషోళ్లు కలిపి సుమారు 1,40,000 మంది చైనా కూలీలను తెచ్చిన్రు. బ్రిటిషోళ్ల కింద ఉన్నోళ్లకు మూడేండ్ల కాంట్రాక్టు, రోజుకు ఒక ఫ్రాంక్. యుద్ధమైపోయినంక 1920 దాకా కందకాలు పూడ్చింది, ముళ్లకంచె చుట్టింది, షెల్స్ మోసింది, శవాలు పాతింది ఎక్కువగా వీళ్లే. పాలమూరు లేబర్ సంగతి తెలిసినోళ్లకు ఇది వేరే చెప్పాల్సిన పని లేదు.

దేవరకొండ_బ్లాస్టర్:
"ఏరేస్తే సరిపోదా" అన్నరు కదా సార్. క్వారీల మందు నింపినా పేలక మిస్‌ఫైర్ అయిన బొక్క ఎట్లనో గది గట్లనే. అసలు పేలుడు మందు మొద్దుది, తొందరగ ఉలకది. భయమంతా దాన్ని పేల్చే డిటోనేటర్ తోటే. షెల్‌ల ఆ పని ఫ్యూజు చేస్తది. ఫిరంగిల నుంచి బయటపడి గిర్రున తిరిగేటప్పుడు ఫ్యూజు సేఫ్టీ ఊడుతది. అంటే నేలల దొరికే పేలని షెల్ ప్రయాణం సగం పూర్తి చేసింది, ఆఖరి దెబ్బ ఒక్కటే మిగిలింది.

ఇన్ని ఎందుకు పేలలేదు? సోమ్ యుద్ధానికి ముందు, 1916 జూన్ 24 నుంచి వారం రోజుల్ల బ్రిటిషోళ్లు సుమారు 15 లక్షల షెల్స్ కొట్టిన్రు. ఫ్యాక్టరీలు ఆగమాగంల చేసిన ఫ్యూజులు, మీదికెల్లి మెత్తటి బురద. తగిలింది తెలిసేలోపే షెల్ మట్టిలకు దిగిపోయేది. ముట్టుకోంగనే పేలే 106 నంబర్ ఫ్యూజు 1917ల గాని బాగ వాడకంలకు రాలే.

వందేండ్లైనంక ఇంకో పీకులాట. కొన్ని షెల్స్‌ల పిక్రిక్ యాసిడ్ అనే పేలుడు మందు పోసేటోళ్లు. అది లోహానికి నేరుగ తగలొద్దని లోపల లక్క లాంటి పూత పూసేటోళ్లు. పూత పోయినంక ఆ యాసిడ్ ఇనుముతోటి, రాగితోటి కలిసి పిక్రేట్లు అయితది. గవి అసలు మందుకన్న చాన నాజూకు. అందుకే తుప్పు పట్టింది కాబట్టి చచ్చిందనుకోవుడు పెద్ద తప్పు.

చలికి నేల గడ్డకట్టి కరిగేటప్పుడు షెల్స్ పైకి తోసుకొస్తయి, దుక్కిల నాగలికి తగులుతయి. దీన్నే అక్కడ 'ఇనుప పంట' అంటరు. దొరికినకాడ జెండా పాతి ఫోన్ చెయ్యాలె, కదిలించొద్దు. రైతులు మాత్రం అలవాటు పడి గట్టు మీదికో కరెంటు స్తంభం మొదట్లకో తెచ్చి పెడుతరు. ఫ్రాన్స్‌ల ఈ పనికి 1945ల సర్కారు శాఖ పెట్టిన్రు. అప్పటిసంది 600 మందికి పైగా సిబ్బంది చచ్చిపోయిన్రు.

బెల్జియంల పోల్‌కపెల్ కాడ సైన్యం యూనిట్ ఉంది. తెచ్చిన షెల్‌ను ఎక్స్‌రే తీస్తరు. వంచితే లోపల నీళ్లలెక్క మట్టం కదిలిందంటే విషపు షెల్. దాన్ని గుంతల పెట్టి పేల్చరాదు, విడిగ విప్పి ఖతం చెయ్యాలె. 1980 దాకా సముద్రంల పడేసేటోళ్లు.

మిర్యాల_ల్యాబ్:
నీళ్ల ముచ్చట నాది. మన ఫ్లోరైడ్ గ్రానైట్ రాయిలోని ఖనిజాల నుంచి మెల్లగా కరిగి వస్తది, ఎవరూ పోసింది కాదు. వాళ్లది రెండు రకాలు.

మొదటిది ఆర్సెనిక్. వెర్డన్ దగ్గర స్పిన్‌కూర్ అడవిలో ఒక జాగా ఉంది. 1928లో సుమారు 2 లక్షల విషపు షెల్స్‌ను అక్కడ కుప్పపోసి కాల్చేశారు. జర్మన్ 'నీలి శిలువ' షెల్స్‌లో ఆర్సెనిక్ మందు గాజుసీసాలో ఉండేది. మంటకు సీసా, మందు పోయినయి గాని ఆర్సెనిక్ మూలకం కదా, ఎక్కడికి పోతది? 2007లో అచ్చైన పరీక్షలో ఒక నమూనా మట్టిలో ఆర్సెనిక్ 17 శాతం దాటింది. అంటే కిలో మట్టిలో 170 గ్రాముల పైన. క్రికెట్ గ్రౌండ్ కన్నా చిన్న జాగా, దాంట్లో ఒక రకం గడ్డి, ఒక నాచు, ఒక లైకెన్ తప్ప ఏదీ సరిగా మొలవదు. కాబట్టి సార్, అక్కడ విషం దిగింది పోరాటంలో కాదు, శుభ్రం చేస్తున్నామనుకున్నప్పుడు. ఎర్ర మండలం అంతా ఇట్లనే ఉంటదని మాత్రం చెప్పకండి.

రెండోది పెర్‌క్లోరేట్, మందుగుండులో వాడే ఒక లవణం. ఉత్తర ఫ్రాన్స్‌లో 2012లో వందల ఊర్లకు హెచ్చరిక ఇచ్చారు: లీటరుకు 4 మైక్రోగ్రాములు దాటితే ఆరు నెలలలోపు పసిపిల్లల పాలు ఆ నీళ్లతో కలపొద్దు, 15 దాటితే గర్భిణులు, బాలింతలు తాగొద్దు. ప్రధాన అనుమానం యుద్ధ మందుగుండు మీదనే. చిలీ నైట్రేట్ ఎరువులోనూ అది సహజంగా ఉంటది కాబట్టి మొత్తం నేరం యుద్ధానికే అంటగట్టలేం.

మర్రిగూడ_సోషల్:
మరి పటిక?

మిర్యాల_ల్యాబ్:
పెర్‌క్లోరేట్‌కు పనిచేయదు. అది నీళ్లలో పూర్తిగా కరిగే అయాన్, పటిక వేస్తే కట్టే మడ్డికి అంటుకోదు. దానికి అయాన్లను పట్టుకునే గుళికలు, అంటే అయాన్ ఎక్స్ఛేంజ్ రెజిన్ కావాలె. ఆర్సెనిక్‌కు కొంత పనిచేస్తది, అయితే అది ఐదో సంయోజకత (ఎక్కువ ఆక్సీకరణ అయిన) రూపంలో ఉండాలె. మూడో రూపంలో ఉంటే ముందు బ్లీచింగ్ పౌడర్‌తో ఆక్సీకరణ చేయాలె. అదృష్టం కొద్దీ నల్లగొండ పద్ధతిలో బ్లీచింగ్ ఎట్లాగూ పడుతది. నీలి శిలువ మందులాంటి కర్బన ఆర్సెనిక్‌ను మాత్రం దీనికి అప్పజెప్పరాదు.

క్లాసులో చూపించాలనుకుంటే ఫ్లోరైడ్ నీళ్లతోనే చూపించండి. అడుగు నుంచి 3–5 సెంటీమీటర్ల ఎత్తున నల్లా ఉన్న 40 లీటర్ల బకెట్. పటిక మోతాదు నీళ్ల ఫ్లోరైడ్‌ను, క్షారతను (ఆమ్లాన్ని తట్టుకునే గుణాన్ని) బట్టి మారుతది, కాబట్టి రెండూ పరీక్ష చేయించినంకనే వేయాలె. సున్నం పటికలో ఇరవయ్యో వంతు. చిటికెడు బ్లీచింగ్. పది నిమిషాలు మెల్లగా కలపాలె, గిరగిరా తిప్పితే కట్టిన మడ్డి విరిగిపోతది. గంట తేరనిచ్చి నల్లా తిప్పి పైనీళ్లే పట్టుకోవాలె. ఫలితం రాలేదంటే ఎక్కువసార్లు కారణం క్షారత చాలకపోవడం.

నీళ్లలోంచి తీసిన ఫ్లోరైడ్ అడుగున మిగిలే తెల్ల బురదలోనే ఉంటది. చాలామంది దాన్ని బోరు పక్కనే కుమ్మరిస్తరు. స్పిన్‌కూర్‌లో చేసిన పని చిన్న సైజులో అదే. బోరుకు దూరంగా, నీళ్లు ఇంకని గుంత చూసుకొని వేయండి.