సమస్యాపూరణం: "చచ్చి కీచకుండు జయము గాంచె"

నిర్వాహకుడు:
కవిమిత్రులకు నమస్కారం. ఈ వారం సమస్య, అంటే ముందు మూడు పాదాలు రాసి మీరు పూరించవలసిన పాదం, ఆటవెలది నాలుగవ పాదం. భారతకథలో భీముని చేతిలో ముద్దగా మారిన కీచకునికి జయమెక్కడిది అన్నది ఇందులోని చిక్కు. విరాటపర్వంలోనే దారి వెతకనక్కరలేదు, వెండితెర మీదికి వెళ్ళినా అభ్యంతరం లేదు. 1950, 60 దశకాల తెలుగు సినిమాను ప్రేమించేవారికి ఈ పాదం చదవగానే ఒక మహానటుడు కళ్ళ ముందు నిలుస్తాడని నా నమ్మకం.

మొదటి పూరణ (కాకినాడ సభ్యులు):

వెండితెరను భీమ విక్రమమున కోడి
నేలఁ గూలినట్టి నీచ పాత్ర
జావ దీవి సభను సన్మాన మందెను
చచ్చి కీచకుండు జయము గాంచె

సమీక్ష:
ఆర్యా, గణాలు (లఘుగురువుల కూర్పులు), యతులు (పాదం మొదటి అక్షరానికీ నడుమ నిర్ణీత స్థానంలోని అక్షరానికీ మైత్రి) నిర్దోషంగా ఉన్నాయి. 1963లో కమలాకర కామేశ్వరరావు గారి దర్శకత్వంలో వచ్చిన 'నర్తనశాల'లో కీచకునిగా నటించిన ఎస్.వి. రంగారావు గారికి 1964లో జకార్తాలో జరిగిన ఆఫ్రో–ఆసియా చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటుని పురస్కారం లభించింది. ఎన్.టి. రామారావు గారు బృహన్నలగా, సావిత్రి గారు సైరంధ్రిగా ఉన్న చిత్రంలో, కథ సగంలోనే ప్రాణం విడిచే ప్రతినాయకునికి ఆ గౌరవం దక్కింది. భీముని వేషం వేసిన దండమూడి రాజగోపాలరావు గారు పేరుపొందిన బరువులెత్తే క్రీడాకారులు కావడం వల్ల ఆ పోరులోని ఓటమి నమ్మదగినదిగా కనిపించింది. జకార్తా జావా ద్వీపంలోనిదే కనుక "జావ దీవి సభ" అన్న మాట చక్కగా ఒదిగింది.

ఒక సభ్యుని ప్రశ్న:
గెలిచినది నటుడు కదా, పాత్ర గెలిచినట్లు చెప్పడం ఎంతవరకు సమంజసం?

నిర్వాహకుడు:
సమంజసమేనని నా అభిప్రాయం. ఆ మదపు నడకను, సగం వాలిన ఆ చూపును చూసినవారెవరూ అక్కడ రంగారావు గారిని చూడలేదు, విరాటుని బావమరదినే చూశారు. నటునికీ పాత్రకూ మధ్య గీత చెరిగిపోయిన చోట జయం ఎవరిదని విడదీయడం కుదరదు.

రెండవ పూరణ (హైదరాబాదు సభ్యురాలు), ప్రశ్నల వరుసలోనే జవాబులు వచ్చే క్రమాలంకారంలో:

కథను వీడె నెట్లు ఖలనాయకుఁడు తాను?
ఎవని వేసమూని యితఁడు వెలిగె?
జావదీవియందు సభలోన నేమయ్యె?
చచ్చి; కీచకుండు; జయము గాంచె

సమీక్ష:
అమ్మా, మూడు ప్రశ్నలకు మూడు జవాబులు వరుసగా అమరాయి. అయితే నటుని పేరు పద్యంలో ఎక్కడా లేకపోవడం వల్ల "ఇతఁడు" అన్న సర్వనామం పై పాదంలోని ఖలనాయకుని వైపే పోతున్నది. రెండవ పాదాన్ని "ఎవని వేసమూనె నెస్వియారు" అని మారిస్తే ఆ సందేహం తీరుతుంది, "ఎ"కారానికి స్వరయతి (అచ్చుల మధ్య యతి) కూడా చెల్లుతుంది.

మూడవ పూరణ (నూజివీడు సభ్యులు):

రంగరావు చనియె, రాజసంపు నడక
చూపు చురుకు గొంతు చెరుపలేరు
తెరను నేటికైనఁ దేజరిల్లును గాన
చచ్చి కీచకుండు జయము గాంచె

సమీక్ష:
1918లో నూజివీడులో పుట్టిన నటుని గురించి ఆ ఊరి నుండే పూరణ రావడం సంతోషం. 1974 జులైలో మద్రాసులో ఆయన కన్నుమూశారు, పద్యం దానినే "చచ్చి" అన్న పదానికి ఆధారం చేసుకున్నది. భావం కొత్తది, కానీ రెండవ పాదంలో యతి తప్పింది. "చూ"కు "చె"తో మైత్రి లేదు, ఊకారానికి ఉ, ఒ, ఓలు మాత్రమే చెల్లుతాయి. "చూపు చురుకు గొంతు సొంపు చెడదు" అంటే యతి కుదురుతుంది, "చెరుపలేరు" అన్నప్పుడు ఎవరు చెరుపుతున్నారన్న ప్రశ్న కూడా పోతుంది.

నాల్గవ పూరణ (విశాఖపట్నం సభ్యులు):

ఓడిపోవు పాత్ర కూపిరి పోయుచు
నాయకునకు దీటు నటన చూపి
రంగరాయ ఘనుఁడు రక్తిఁ గట్టింపఁగ
చచ్చి కీచకుండు జయము గాంచె

సమీక్ష:
ఈ వారం ఉత్తమ పూరణ ఇదే. మిగిలిన పద్యాలు ఒక పురస్కారాన్నో, ఒక మరణాన్నో ఆధారం చేసుకోగా, ఇది రంగారావు గారి నటజీవితానికంతటికీ మూలమైన విషయాన్ని పట్టుకున్నది. 'వరూధిని' సినిమా విజయవంతం కాకపోవడంతో జంషెడ్‌పూర్‌లోని టాటా సంస్థలో ఉద్యోగానికి వెళ్ళిపోయిన మనిషి, తిరిగి వచ్చి 1951లో 'పాతాళభైరవి'లో నేపాళ మాంత్రికునిగా నిలదొక్కుకున్నాడు. ఆ మాంత్రికుడూ ఓడిపోయేవాడే. 1967లో 'భక్త ప్రహ్లాద'లోని హిరణ్యకశిపుడూ అంతే. కథానాయకుని చుట్టూనే కథలు అల్లుకునే ఆ కాలంలో, కథ ఓడించితీరవలసిన పాత్రలకు ఇంత బరువు, ఇంత రాజసం ఇచ్చి, నాయకుని గెలుపుకు కూడా విలువ పెంచిన నటుడు ఆయన. ఎదుటివాడు అల్పుడైతే భీముని పరాక్రమం ఏపాటిదని ప్రేక్షకుడు అడగడా?

'మాయాబజార్' ఘటోత్కచుడు, 'మిస్సమ్మ' జమీందారు, 'బంగారు పాప' కోటయ్య ఆయన పాత్రలే అయినా, ఓడిపోయేవారు కారు కనుక ఈ పద్యంలో ఇమడరు. వారి కోసం వచ్చే వారం వేరే సమస్య ఇవ్వగలను. "ఓ"కు "పాత్ర కూపిరి"లోని "ఊ"తో యతి సరిగా చెల్లింది. మూడవ పాదంలో "రక్తిఁ గట్టింపఁగ" అన్న ప్రయోగం రంగస్థలం వాడుక నుండి వచ్చింది కనుక, కాకినాడ యంగ్ మెన్స్ హ్యాపీ క్లబ్ నాటకాలలో ఆరితేరి సినిమాకు వచ్చిన నటునికి అది తగిన మాట. కవిగారికి అభినందనలు.