‘ఇండెంచర్డ్ సర్వెంట్’ని తెలుగులో ఏమనాలి?

గ్రూపులోని పెద్దలకు నమస్కారం. అమెరికాలో ఇంగ్లండు వాళ్లు పెట్టిన వర్జీనియా కాలనీ తొలినాళ్ల జీవితం మీద ఒక వ్యాసం తెనిగిస్తున్నాను. పేరాకోసారి ‘ఇండెంచర్డ్ సర్వెంట్’ తగులుతోంది, అంటే ఓడఖర్చుకు బదులు కొన్నేళ్లు చాకిరీ చేస్తానని ఒప్పందం రాసిచ్చిన పనివాడు. ఇప్పటిదాకా ‘ఒప్పంద బానిస’ అని రాసుకుంటూ వచ్చాను. మా కరీంనగర్ దిక్కు ‘జీతగాడు’ అంటారు కదా, అది నప్పుతుందా?

*

అమ్మా, ముందు ఆ ‘బానిస’ను తీసెయ్యండి. ఆ మాట పడిందంటే 17వ శతాబ్దపు వర్జీనియా కథే తారుమారవుతుంది.

అసలు ‘ఇండెంచర్’ అంటే ఆ ఒప్పందపు కాగితం. ఒకే కాగితం మీద ఒప్పందాన్ని రెండుసార్లు రాసి, మధ్యలో రంపపు పళ్లలా వంకరటింకరగా కోసేవారు. యజమానికో ముక్క, పనివాడికో ముక్క. తగువొస్తే రెండూ పక్కపక్కన పెట్టి చూడాలి, పన్నుకు పన్ను అతకాలి. ఇండెంచర్ అనే పేరు ఆ పళ్ల వల్లే వచ్చింది. లాటిన్ ‘డెన్స్’, మన ‘దంతం’ ఒక తల్లి పిల్లలే.

ఆ కాగితానికి ప్రాణం గడువు. ఓడఖర్చు పెట్టుకోలేని ఇంగ్లండు పేదలు మామూలుగా నాలుగు నుంచి ఏడేళ్లు చాకిరీ చేస్తామని రాసిచ్చేవారు. ఎక్కువమందికి పొగాకు చేలే గతి. చేతికి డబ్బు రాదు. తిండి, బట్ట, తలదాచుకునే చోటు, అంతే. గడువు తీరాక కాస్త మొక్కజొన్న, బట్టలు ఇచ్చి పంపేవారు. ఈలోగా యజమాని ఆ కాగితాన్ని ఇంకొకరికి అమ్ముకోవచ్చు. కాగితం వెంట మనిషీ నడవాల్సిందే.

రిచర్డ్ ఫ్రెథార్న్ అనే కుర్రాడు 1623లో అమ్మానాన్నలకు రాసిన ఉత్తరం మిగిలింది. ఓడ దిగింది మొదలు బఠాణీలూ పల్చటి గంజీ తప్ప ఇంకేమీ ఎరగనని, ఎలాగైనా విడిపించమని బతిమాలుకున్నాడు. చదువుతుంటే కడుపు తరుక్కుపోతుంది. అయినా అతను బానిస కాదు, అతనికి గడువుంది.

1640లో ముగ్గురు పనివాళ్లు పక్క కాలనీ మేరీలాండుకు పారిపోయి దొరికారు. ముగ్గురికీ కొరడా దెబ్బలు పడ్డాయి. యూరప్ వాళ్లిద్దరికీ నాలుగేళ్లు పొడిగించారు. మూడోవాడు జాన్ పంచ్, నల్లజాతివాడు. అతను మాత్రం బతికున్నంత కాలం చాకిరీ చెయ్యాలన్నారు. అంటే అతనికి గడువే లేకుండా చేశారు. 1662 నాటికి తల్లి బానిసైతే బిడ్డా బానిసేనని చట్టం వచ్చింది. మొదటి నుంచీ అందరినీ ‘బానిస’ అనేస్తే జాన్ పంచ్‌కి జరిగిన అన్యాయం తెలుగులో కనబడేదెక్కడ?

ఇక జీతగాడు. మాట మంచిదే, కానీ ఈ కాలం పాఠకుడికి జీతం అంటే నెల తిరగ్గానే వచ్చే డబ్బు. నిజాం నాటి ‘భగేలా’ ఇంకాస్త దగ్గర, అప్పు కింద కట్టుబడి చేసే చాకిరీ కాబట్టి. అయితే ఆ అప్పు తీరేది కాదు, తండ్రి తర్వాత కొడుకు మీద పడేది. నేనైతే ‘గడువు పాలేరు’ అంటాను. పాలేరుకు జీతంగా గింజలు కొలిచేవారన్నది నిజమే, కానీ యజమాని ఇంటి తిండి తిని, అతను చెప్పిన పనల్లా చేసే మనిషి మాత్రం కళ్లకు కడతాడు.

*

మాస్టారూ, ‘గడువు’ బాగా కుదిరింది. కానీ వీళ్లలో ఆడవాళ్లూ ఉన్నారు. పెళ్లికాకుండా బిడ్డను కంటే ఆమె గడువు పెంచేవారు. ఆమెను పాలేరు అనలేను కదా?

*

అనలేం. అక్కడ ‘గడువు పనిమనిషి’ అని రాయండి. ‘గడువు పెంచారు’ అన్న వాక్యం కూడా అప్పుడు సూటిగా తగులుతుంది.