కాట్రిన్ సాస్ కెరీర్‌ని టీవీ తినేసిందా?

పాతరీలు:
సూటిగా చెప్తున్నా, తిట్టినా పర్లేదు. "గుడ్ బై లెనిన్" (2003)లో కోమాలోంచి లేచే అమ్మగా చాలామందికి గుర్తుండే ఉంటుంది ఈవిడ. తూర్పు జర్మనీ నటి. "బ్యూర్గ్‌షాఫ్ట్ ఫ్యూర్ ఐన్ యార్" అనే సినిమాలో, హోమ్‌కి పంపేసిన పిల్లల్ని మళ్లీ తెచ్చుకోవాలని తంటాలు పడే ఒంటరి తల్లి వేషానికి 1982 బెర్లిన్ ఫెస్టివల్లో ఉత్తమ నటిగా సిల్వర్ బేర్ అవార్డు కొట్టింది. అంతటి నటి తొంభైల్లో టీవీలో లేడీ పోలీసుగా హంతకుల వెంట పడింది. టాలెంట్ వేస్ట్ అయిపోయిందంటే తప్పా?

గోదారిగట్టు:
వేస్ట్ ఏంటండీ, సీరియల్లోకి వెళ్తే పని అయిపోయినట్టే అనుకోవడం మన అలవాటు, జర్మనీకి దాన్ని అంటగడితే ఎలా? 1989లో బెర్లిన్ గోడ కూలింది, మరుసటేడు తూర్పు జర్మనీ అనే దేశమే లేదు, బాబెల్స్‌బర్గ్‌లోని ఆ దేశపు ప్రభుత్వ సినిమా స్టూడియో డెఫాని 1992లో అమ్మేశారు. ఆవిడ పోలీసుగా చేసిన సీరియల్ "పొలిట్సైరూఫ్ 110" మాత్రం 1971లో తూర్పు జర్మనీ టీవీలోనే పుట్టి, దేశం పోయినా నిలబడిన ప్రోగ్రాం. తూర్పు వాళ్లకి మిగిలిన సొంతిల్లు అదొక్కటే అన్నట్టు. పైగా ఆ రోజుల్లో తాగుడుతో పడ్డ అవస్థ ఆవిడే బయటికి చెప్పుకుంది, అదీ లెక్కలోకి రావాలి కదా.

లేట్‌షో:
అసలు టీవీ తర్వాతే కదా 2001లో "హైడి ఎమ్" సినిమాకి జర్మన్ ఫిల్మ్ అవార్డు వచ్చింది! 2010లో "వైసెన్‌జే" టీవీ సీరియల్లో సింగర్ వేషం. 2014 నుంచి "ఉజెడోమ్ క్రిమి" అనే టీవీ క్రైమ్ సిరీస్‌లో, మొగుణ్ణి కాల్చి చంపి జైలుకెళ్లొచ్చిన మాజీ ప్రాసిక్యూటర్. ఆ టైంకి ఆవిడకి యాభై ఏడెనిమిదేళ్లు. ఆ వయసు ఆడమనిషికి ఇలాంటి రోల్ రాసే సినిమా వాళ్లని ఒక్కణ్ణి చూపించండి.

పాతరీలు:
రోల్ బాగుంది, కాదన్ను. కానీ ఆ రెండు అవార్డుల మధ్య 19 ఏళ్లు గ్యాప్, అందులో ఏడేళ్లు గోడ కూలకముందువే. అప్పటికి డెఫా నడుస్తూనే ఉంది బాబూ, మరి అప్పుడెందుకు ఛాన్సులు రాలేదు?

గోదారిగట్టు:
రాలేదని ఎవరన్నారు? 1986లో రోలాండ్ గ్రేఫ్ "దాస్ హౌస్ ఆమ్ ఫ్లుస్" తీశాడు, యుద్ధకాలం కథ, ఈవిడే మెయిన్. అవార్డు రాని సినిమాలు లెక్కలోకి రావంటే ఇక నేను వాదించను.